రొట్టె మీద రెండు చుక్కలు

"అయితే వాన్ మీ గేటు దాకా రానేలేదంటారు," అంది ఎతెరి.

"రాలేదు తల్లీ. రాలేదు, రాలేదు. మూడుసార్లు చెప్పానుగా, ఇక పైనున్న దేవుడైనా నమ్మాలి," అన్నాడు షల్వా.

"దేవుణ్ణి ఎవరూ పిలవలేదు. నన్ను పిలిచారు. అందుకని నాలుగోసారి కూడా అడుగుతాను."

షల్వా నవ్వాడు. అరవై దాటిన మనిషి, గంట కొట్టినట్టుండే గొంతు. కఖేతీ లోయ మొత్తంలో ఆయన్ని మించిన తమదా లేడని పేరు. తమదా అంటే విందుకి పెద్ద. ఆయన గ్లాసెత్తి ఒక పేరు చెప్పి నాలుగు మంచిమాటలు పలికితేనే మిగతావాళ్ళు గ్లాసు ముట్టుకోవాలి. నిన్న మధ్యాహ్నం ఇదే పెరట్లో, ఇదే ద్రాక్షపందిరి కింద, పోలండ్ నుంచి వచ్చిన ఎనిమిదిమంది యాత్రికులకి ఆయనే తమదా. ఒక్కరోజులో కోటలూ వైన్ తోటలూ చూపించి పంపే యాత్ర అది. వాళ్ళని రాజధాని త్బిలిసి నుంచి తెచ్చిన వాన్ డ్రైవర్ గేలా మాత్రం ఆ విందుకి రాలేదు. ఆ తర్వాత ఇంటికీ రాలేదు.

ఆ యాత్రకి గైడు గేలా భార్య ఖతూనా. ఆయన బండి నడిపితే ఆవిడ కథలు చెబుతుంది. పదకొండేళ్ళుగా వాళ్ళ కాపురం సగం ఇంట్లో, సగం ఆ వాన్‌లో. తెల్లవారగానే ఆవిడ ఎతెరికి ఫోన్ చేసి ఒకే మాట అడిగింది: "మా ఆయన్ని వెతికి పెట్టండి." ఎతెరి ఇరవై రెండేళ్ళు పోలీసు శాఖలో, ఆరేళ్ళుగా సొంతంగా ఇదే పనిలో ఉంది. కనబడకుండా పోయిన మొగుళ్ళని చాలామందిని వెతికింది. సగం మంది పక్క వీధిలోనే దొరికారు. గేలా ఆ జాతి కాదని ఖతూనాని చూడగానే అర్థమైంది.

"పోనీ, మొదట్నించీ చెప్పండి. పదిన్నరకి గేలా వాళ్ళని ఖెవిసి కోట కింద దించాడు. ఖతూనా వాళ్ళని తీసుకుని పైకెక్కింది. అతను ఎప్పట్లాగే చుట్టుదారిన వాన్ ఇక్కడికి తేవాలి. అవునా?"

"తేవాలి."

"వాళ్ళు కోట వెనక కాలిబాటన దిగి వచ్చేసరికి మాంసం కాల్చడానికి నిప్పులు సిద్ధంగా ఉంటాయి. ఆ నిప్పులు ప్రతిసారీ రాజేసేది గేలాయే అని మీ చెల్లెలు చెప్పింది."

షల్వా కనుబొమలు ఒక్కసారి దగ్గరికొచ్చి విడిపోయాయి. "నిన్న నేనే రాజేశాను. నాకు చేతులు లేవా ఏమిటి?"

"ఉన్నాయి. కానీ అతను రాడని మీకెలా తెలుసు? వాళ్ళు ఒంటిగంటకి దిగేసరికి ద్రాక్షకొమ్మలు కాలి బూడిద పట్టిన నిప్పులయ్యాయి. అంటే పన్నెండుకే అంటించారు. ఎప్పుడూ పన్నెండు లోపల వచ్చే మనిషి కోసం ఒక పావుగంటైనా చూడరా?"

"ఆకలిగా ఉన్న అతిథులొస్తున్నారు తల్లీ. డ్రైవర్ కోసం చూస్తూ కూర్చుంటానా?" ఆయన గొంతులో మాధుర్యం చెక్కు చెదరలేదు. "మొగుడూ పెళ్ళాం మధ్య ఏముందో మనకేం తెలుసు? రోజూ అదే దారి, అదే కోట, అదే రాజుగారి కథ. ఎవడికైనా విసుగొస్తుంది. రెండ్రోజులు తిరిగి వాడే వస్తాడు, తోక ముడుచుకుని."

"వస్తాడంటారా?"

"వాడికి నేనెప్పుడూ చెడు కోరలేదు."

ఎతెరి అడిగింది అది కాదు.

పెరటి చివర వైన్ పులియబెట్టే గది ఉంది. మరానీ అంటారు దాన్ని. తాతల నాటి గూనలు నేలలో మెడ దాకా పాతి ఉంటాయి. ఎతెరి అనుమతి అడగకుండానే లోపలికి నడిచింది. షల్వా వెనకాలే వచ్చాడు, యాత్రికులకి చెప్పే పాఠం అలవాటుగా మొదలుపెట్టాడు. ఈ గూన మా ముత్తాతది, ఆ గూన ఆయన పెళ్ళినాటిది...

ఆమె వినడం లేదు. వినబడని దాని గురించి ఆలోచిస్తోంది.

అక్టోబరు నెల. కోత మొదలై మూడు వారాలు కాలేదు. ఈ రోజుల్లో ఏ మరానీలో అడుగుపెట్టినా పులిసే రసం బుసబుసమంటుంది, ముక్కు చురుక్కుమంటుంది. తొక్కల్ని కిందికి నొక్కే కర్ర తడి ఆరదు. పగలు నాలుగైదుసార్లు నొక్కకపోతే రసం పాడవుతుందని ఇక్కడ పాలు తాగే పసివాడికి కూడా తెలుసు. షల్వా గదిలో చీమ చిటుక్కుమన్నా వినబడేంత నిశ్శబ్దం. గోడకి ఆనించిన కర్ర పట్టుకుని చూసింది. ఎండి పీచు లేచింది. దానికీ గోడకీ మధ్య సాలెపురుగు హాయిగా సంసారం పెట్టింది.

"మీ గూనలు నిద్రపోతున్నాయే," అంది ఎతెరి.

పాఠం ఆగిపోయింది.

"వడగళ్ళు కొట్టాయి ఈ ఏడు. పంట పోయింది."

"పక్క తోటకి కొట్టలేదు. నిన్న అతిథులకి పోసింది ఏమిటి మరి? తాతగారి గూనలోదనేగా చెప్పారు?"

ఎతెరి తలుపు దగ్గరికొచ్చి గడప అవతల నేల చూసింది. గడ్డి మీద బరువైన చక్రాల ఒరుపు. ట్యాంకు లారీ వెనక్కి వచ్చి ఆగిన చోటు. ఫ్యాక్టరీ వైన్ తెచ్చి గూనలో పోసి, ముత్తాత పేరు చెప్పి తాగిస్తున్నాడన్నమాట. వారానికి రెండుసార్లు అందరికంటే ముందు ఈ పెరట్లోకి వచ్చేవాడు ఒక్కడే, గేలా. నిన్న మరీ ముందొచ్చి ఉంటాడు. కఖేతీలో మనిషి దొంగతనం చేసి కూడా తలెత్తుకు తిరగొచ్చు. తాత గూనలో ఫ్యాక్టరీ వైన్ పోశాడని తెలిస్తే మాత్రం పెళ్ళికీ చావుకీ ఎవరూ పిలవరు. తమదాకి అంతకంటే వేరే చావు లేదు.

"గేలా ఆ లారీని చూశాడా షల్వా గారూ?"

"ఏ లారీ?" అన్నాడు ఆయన, నవ్వకుండా.

అప్పుడే గేటు బయట జీపు ఆగింది. దాని వెనకే ఓ చిన్న బస్సు.

ఇన్‌స్పెక్టర్ బోండో బెల్టు పైకి లాక్కుంటూ దిగాడు. ఒకప్పుడు త్బిలిసిలో ఎతెరి కింద పనిచేసినవాడు. ఆమె ఎర్ర సిరాతో కొట్టేసిన రిపోర్టులు ఇంకా వాడి గుండెల్లోనే ఉన్నాయి.

"ఓహో, మేడం గారా! నగరంలో కేసులు తగ్గాయా, మా పల్లెటూళ్ళ మీద పడ్డారు?"

"తగ్గలేదు బోండో. ఇక్కడ పోలీసులు తగ్గారని విని వచ్చాను."

"అదే నోరు! ఏం మారలేదు. సరే వినండి, మీకు శ్రమ తగ్గిస్తాను. తెల్లారి అలజానీ ఏటి ఒడ్డున పొదల్లో వాన్ దొరికింది. తలుపులు బార్లా తీసి ఉన్నాయి. యాత్రికులు దాన్లో వదిలిన బ్యాగులు ఎనిమిదీ లేవు, పాస్‌పోర్టులతో సహా. మనిషి లేడు, బ్యాగులు లేవు. ఏరు దాటాడు, పోయాడు. కేసు అయిపోయింది."

"ఎనిమిది బ్యాగులు నెత్తిన పెట్టుకుని ఏరు ఈదాడా? గాడిదా అతను?"

"ఎవరో సాయం వచ్చుంటారు."

"ఎవరు?"

"అది కనుక్కోవడానికే ప్రభుత్వం నాకు జీతమిస్తోంది. మీకివ్వడం లేదు." వాడు షల్వా వైపు తిరిగి చేతులు చాచాడు. ఇద్దరూ కౌగిలించుకుని బుగ్గకి బుగ్గ ఆనించుకున్నారు. బోండో కూతురికి బాప్తిస్మం నాటి జ్ఞానతండ్రి షల్వాయే అన్న సంగతి ఎతెరికి అప్పుడు గుర్తొచ్చింది. ఈ దేశంలో ఆ బంధం రక్తసంబంధం కంటే ఒక మెట్టు పైది. గోడకి చెప్పుకున్నా కొంత నయం, వీడికి చెప్పుకోవడం దండగ.

బస్సులోంచి యాత్రికులు దిగారు. పోయిన బ్యాగుల గురించి వాంగ్మూలం ఇవ్వాలి వాళ్ళు. వాళ్ళ భాష వచ్చింది ఖతూనాకే కాబట్టి బోండో ఆవిడనే దుబాసీగా కూర్చోబెట్టాడు. నీ మొగుడు దొంగ అని వాళ్ళు పోలిష్‌లో చెబితే ఆవిడ దాన్ని జార్జియన్‌లోకి మార్చి చెప్పాలి. ఖతూనా చెబుతూనే ఉంది. గొంతు ఒణకలేదు. ప్రతి రెండు మాటలకీ ఒకసారి గేటు వంక చూస్తోంది, అంతే. ఎతెరికి ఆ చూపు చూడడం కష్టమైంది. ఆమె వంటింటి వైపు నడిచింది.

షల్వా చెల్లెలు దరేజాన్ వంటింటి మెట్టు మీద కూర్చుని, నిన్నటి విందులో మిగిలిన రొట్టెముక్కలు పందుల బకెట్లో వేస్తూ గొణుక్కుంటోంది.

"ఎవర్నమ్మా తిడుతున్నావు?" అంది ఎతెరి పక్కన కూర్చుంటూ.

"ఇంకెవర్ని, ఈ పరదేశీ మహానుభావుల్ని. చూడు, బంగారం లాంటి రొట్టె. తినడానికి ఇచ్చామా, వైన్ పోసి ఆడుకోవడానికి ఇచ్చామా? ప్రతివాడి పళ్ళెంలోనూ ఇదే వరస. ఇది వాళ్ళ తద్దినమా ఏమిటి?"

ఎతెరి బకెట్లోంచి ఒక ముక్క తీసింది. దాని మీద రెండు నల్లెరుపు మరకలు. ఇంకో ముక్క, ఇంకో రెండు చుక్కలు. మరో ముక్క మొత్తం తడిసి ఎండింది. ఎవరో కొత్తవాళ్ళు, కొలత తెలియక ఒంపేశారు.

చనిపోయినవాళ్ళ పేరు మీద గ్లాసెత్తినప్పుడు తాగేముందు రొట్టె మీద రెండు చుక్కలు ఒంపడం ఇక్కడి ఆచారం. పెద్దల వాటా అది. ప్రతి విందులోనూ పోయినవాళ్ళని తలుచుకునే గ్లాసు ఒకటి ఉంటుంది. కాబట్టి వింతేమీ లేదు. ఎతెరి ముక్క తిరిగి బకెట్లో వెయ్యబోయి ఆగింది.

"అందరి పళ్ళాల్లోనూ ఉన్నాయా ఇలాంటివి?"

"అందరివీ. మా అన్నయ్యది కూడా. ఖతూనాది తప్ప. పాపం దానిది పెట్టింది పెట్టినట్టే ఉంది, కొరకనన్నా లేదు."

"దరేజాన్, ఖతూనా వాళ్ళమ్మ పోయి ఎన్నాళ్ళయింది?"

"ఈ వసంతంలోనేగా. మేమూ వెళ్ళాం, ఎందుకూ?"

తల్లి పోయి ఏడాది తిరగని మనిషి, పోయినవాళ్ళ పేరు మీద గ్లాసెత్తితే రొట్టె తడపకుండా ఊరుకోదు. తడపలేదంటే ఆ గ్లాసు ఎత్తినప్పుడు ఖతూనా బల్ల దగ్గర లేదు. పోయినవాళ్ళ గ్లాసు చివర్లో వస్తుంది, అప్పటికి ఆవిడ అక్కడే ఉంది; అంటే ఈ చుక్కలు ఆ గ్లాసువి కావు. విందు మొదట్లో మాత్రం, పొద్దున్న ఆవిడే చెప్పినట్టు, గేటు దగ్గర నిలబడి మొగుడికి ఫోన్ చేస్తూ ఉంది. మొదట్లో షల్వా ఎవరి పేరు చెప్పాడు?

ఇక్కడి నుంచి ఆలోచన ఒక్క అడుగు ముందుకేస్తే ఎక్కడ ఆగుతుందో ఎతెరికి తెలుసు. ఆ అడుగు వెయ్యకుండా ఉండగలిగితే బాగుండుననిపించింది.

యాత్రికుల్లో బొజేనా అనే ముసలావిడ ఉంది. మాజీ టీచరు. కోటలో ప్రతి రాయినీ, విందులో ప్రతి పళ్ళాన్నీ ఫోన్లో తీసుకున్న మనిషని ఖతూనా పొద్దున్న చెప్పింది. ఎతెరి గబగబా పందిరి కిందికొచ్చి ఖతూనా చెవిలో అడిగింది: "ఆవిడ ఫోన్ ఒక్కసారి నాకిమ్మను. నేను పక్కకి తీసుకెళ్ళి చూసుకుంటాను."

ఖతూనా అడిగింది. బొజేనా మొహం వెలిగిపోయింది. ఇంతసేపటికి తన వీడియోలు చూస్తామన్నవాళ్ళు దొరికారు. ఫోన్ ఇవ్వలేదు. తనే బల్ల మీద నిలబెట్టి, గొంతు పెంచి, ఖతూనా భుజం పట్టి దగ్గరికి లాక్కుని వేలితో నొక్కింది.

"వద్దు, ఆగండి," అంది ఎతెరి. ఆ మాట ముసలావిడకి అర్థం కాలేదు. అర్థం చెప్పాల్సిన మనిషి అప్పటికే తెరలోకి చూస్తోంది.

తెర మీద నిన్నటి పందిరి. ఎండ. షల్వా లేచి నిలబడి ఉన్నాడు, చేతిలో గ్లాసు. దుబాసీ లేకపోయినా ఆయన జార్జియన్‌లోనే మాట్లాడుతున్నాడు, తమదా మాటకి అర్థం తెలియకపోయినా వినడానికి బావుంటుంది. మూలగా, గేటు దగ్గర, ఖతూనా వీపు కనబడుతోంది. ఫోన్ చెవికి ఆనించుకుని ఉంది.

"ఈ గ్లాసు మన గేలాకి," అంటున్నాడు షల్వా. "మిమ్మల్ని ఇంత దూరం క్షేమంగా తెచ్చినవాడు. మంచివాడు. మాట మీద నిలబడేవాడు. వాడి దారి నున్నగా ఉండాలి."

అని ఎడంచేత్తో రొట్టె అందుకున్నాడు. కుడిచేతిలో గ్లాసు ఒంగింది. ఒక చుక్క. ఇంకో చుక్క.

అప్పుడు ఆయన చెయ్యి గాల్లో ఆగిపోయింది. తన చేతిని తనే ఎవరిదో అన్నట్టు చూసుకున్నాడు. ఒక్క క్షణమే. వెంటనే పెద్దగా నవ్వి, రొట్టె అందరికీ చూపించి, తనకొచ్చిన నాలుగు పోలిష్ మాటల్లో ఒకటి అరిచాడు. సంప్రదాయం, సంప్రదాయం! ఎనిమిదిమందీ కేరింతలు కొడుతూ రొట్టెలందుకుని వైన్ పోశారు. వాళ్ళ నవ్వుల వెనక, గేటు దగ్గర్నించి, సన్నగా ఖతూనా గొంతు: "ఎత్తవేమయ్యా... ఎత్తు..."

వీడియో అయిపోయింది. బొజేనా మెచ్చుకోలు కోసం అందరి మొహాల్లోకీ చూసింది.

బోండో కలం బల్ల మీద పెట్టేశాడు. వాడూ ఈ మట్టిలో పుట్టినవాడే. ముప్ఫై ఏళ్ళుగా విందులు నడిపిన చెయ్యి అది. బతికున్నవాడి పేరుకీ పోయినవాడి పేరుకీ తేడా ఆ చేతికి వేరే చెప్పక్కర్లేదు, మనిషి మరిచిపోయినా చెయ్యి మరిచిపోదు. నిన్న ఒంటిగంటన్నరకి, డ్రైవర్ టైరుకి గాలి పట్టించుకోవడానికి వెళ్ళాడేమోనని లోకమంతా అనుకుంటున్న వేళకి, షల్వాకి గేలా చనిపోయాడని తెలుసు.

ఎతెరి ఖతూనా వైపు చూడలేకపోయింది. ఇరవై ఎనిమిదేళ్ళలో చావు కబురు చాలామంది గుమ్మాల దగ్గర చెప్పింది. ఇలా మాత్రం ఎప్పుడూ చెప్పలేదు. తెలివంతా బకెట్లో రొట్టెల మీద పెట్టి, ఎదురుగా ఉన్న ఆడమనిషిని మరిచిపోయింది.

"చెయ్యి జారింది," అంది ఖతూనా.

"అమ్మా ఖతూనా..."

"జారిందక్కా. షల్వా బాబాయ్ అప్పటికే రెండు గ్లాసులు తాగాడు. వయసు మీద పడింది. చెయ్యి ఒణికి రెండు చుక్కలు పడ్డాయి. దానికేం?" ఆవిడ బోండో వైపు తిరిగింది. "రాసుకోండి సార్. తర్వాత ఎవర్ని అడగాలి?"

ఎతెరి బోండోని మోచెయ్యి పట్టి ద్రాక్షపాదుల చాటుకి లాక్కెళ్ళింది.

"చూశావుగా."

"చూశాను."

"మీ ఊళ్ళో బతికున్నవాడి పేరు చెప్పి రొట్టె మీద పోస్తే ఏం చేస్తారు?"

"చెంప పగలగొడతారు," అన్నాడు బోండో నేల చూస్తూ.

"మరి ఇంకేం కావాలి? ఆయన్ని అరెస్టు చెయ్యి. కనీసం ఇల్లు సోదా చెయ్యి. మరానీ తవ్వించు."

"ప్రాసిక్యూటరుకి ఏం రాయమంటారు మేడం? రొట్టె తడిసింది, కనుక ఖూనీ జరిగింది అనా? శవం లేదు, రక్తం లేదు. సాక్షి లేడు. సొంత పెళ్ళామే చెయ్యి జారిందంటోంది. నన్ను చూసి నవ్విపోతారు."

"నీకు నవ్వొస్తోందా?"

వాడికి రావడం లేదు. మొహం పాలిపోయింది. "నా కూతుర్ని నీళ్ళలో ముంచి ఎత్తిన చేతులు అవి," అన్నాడు మెల్లగా. "ఆ చేతులకి బేడీలు వేయాలంటే నాకు రొట్టె చాలదు. ఏదైనా తెండి. ఏదైనా సరే, చేత్తో పట్టుకునేది తెండి, నేనే వేస్తాను."

"అది తేవాలంటే సోదా చెయ్యాలి. సోదా చెయ్యడానికి నువ్వు అది తెమ్మంటావు. బాగుందిరా నీ న్యాయం!" ఒకప్పుడైతే ఎతెరి ఒక్క సంతకంతో పదిమంది పారలు పట్టుకుని వచ్చేవాళ్ళు. ఇప్పుడు ఆమె చేతిలో ఉన్నది ఎండిన రొట్టెముక్క. అంతా తెలుసు, ఏమీ చెయ్యడానికి లేదు. ఏమీ తెలియకపోయినా ఇంతకంటే నయంగా ఉండేది.

"ఖతూనా! తల్లీ ఖతూనా!"

ఇంటి వైపు నుంచి షల్వా పరుగులాంటి నడకతో వస్తున్నాడు. కళ్ళలో నీళ్ళు. "దొరికాడమ్మా! ఏటి అవతల మా తోట లేదూ, అక్కడి పనివాడు ఇప్పుడే ఫోన్ చేశాడు. గుడిసెలో ఎవరో పడి ఉన్నాడట. తల పగిలింది గానీ ఊపిరుందట. బ్యాగుల కోసం ఎవరో కొట్టి పడేశారు పాపం మన గేలాని!"

ఖతూనా మొహంలోకి రంగు వచ్చింది. నిన్నటి నుంచి మొదటిసారి. ఎతెరి ఆ మొహం చూసి భయపడింది.

"నా కారు ఏట్లో దిగుతుంది, మీ జీపు దిగదు," అన్నాడు షల్వా బోండోతో. "నేను అమ్మాయిని తీసుకుని ముందు వెళతాను. మీరు వంతెన మీదుగా చుట్టి రండి. డాక్టర్ని వెంటబెట్టుకుని రండి."

అప్పటికే ఖతూనా ఆయన వెంట నడుస్తోంది. ఎతెరి పరుగెత్తి ఆవిడ చెయ్యి పట్టుకుంది.

"వెళ్ళకమ్మా. జీపులో వెళదాం. నాతో రా."

"ఎందుకు? ఆయన అక్కడ రక్తం కారుతూ పడుంటే వంతెన చుట్టూ తిరిగి వెళ్ళమంటారా?"

"అక్కడ ఆయన లేడు."

"మీకెలా తెలుసు?"

"నీకూ తెలుసు ఖతూనా. వీడియో చూశావు. నాకంటే ముందు నీకే అర్థమైంది."

ఖతూనా చెయ్యి విదిలించుకుంది. ఆవిడ కళ్ళలో కోపం లేదు. నీళ్ళలో మునిగేవాడు గడ్డిపరక వైపు చూసే చూపు అది. "నేను మిమ్మల్ని పిలిచింది ఆయన్ని వెతకమని అక్కా. చంపమని కాదు. షల్వా బాబాయ్ ఊపిరుందంటున్నాడు. మీరు లేడంటున్నారు. నేనెవరి కారెక్కాలి చెప్పండి?"

నిజం చేతిలో పెట్టుకుని ఒక మనిషిని ఆపడానికి అది చాలకపోవడం ఏమిటో ఎతెరికి ఆ నిమిషంలో తెలిసింది.

"మీ పని అయిపోయింది. ఇంటికెళ్ళండి," అంది ఖతూనా, కారెక్కి తలుపేసుకుంది. వెనక గేటులోంచి కారు పొలాల్లోకి దూసుకుపోయింది.

"బోండో! ఆపించు దాన్ని!"

"ఏ నేరం మీద? మొగుడి దగ్గరికి వెళుతున్నందుకా?" అన్నాడు వాడు. కాళ్ళు మాత్రం అప్పటికే జీపు వైపు కదిలాయి. ఇద్దరూ వీధిలోకి వచ్చేసరికి ఎత్తుగా ద్రాక్ష వేసుకుని ఓ ట్రాక్టరు సందు నిండా ఆగి ఉంది. దాని ముందు ఇంకొకటి. కోతల రోజులు. తూకం దగ్గర వరస కదిలితే గానీ అవి కదలవు. బోండో హారన్ మీద చెయ్యి పెట్టి తియ్యలేదు. ట్రాక్టరు మీది ముసలాయన నేనేం చెయ్యనన్నట్టు చేతులు చూపించాడు.

ఎతెరి షల్వా నంబరు నొక్కింది. బతిమాలుతుంది, బెదిరిస్తుంది, లారీ సంగతి ఎవరికీ చెప్పనని ఒట్టేస్తుంది, ఏదో ఒకటి చేస్తుంది.

ఫోన్ మోగింది. ఆమె చెవిలోనూ, వెనకాల ఇంట్లోనూ.

దరేజాన్ తడిచెయ్యి ఏప్రనుకి తుడుచుకుంటూ గుమ్మంలోకి వచ్చింది, మోగుతున్న ఫోన్ పట్టుకుని. "మా అన్నయ్య మరిచిపోయి వెళ్ళాడు చూడు. తెల్లారినప్పట్నించీ వంటింట్లో నా పక్కనే పడి ఉంది. ఎవరు చేస్తున్నారమ్మా? పొద్దుట్నించి దీనికి మొదటి ఫోన్ ఇదే."

బోండో చెయ్యి హారన్ మీంచి జారిపోయింది. ఒక్కసారి ఎతెరి మొహంలోకి చూసి, జీపు వదిలేసి, ట్రాక్టర్ల పక్కగా ఏటి వైపు పరుగెత్తడం మొదలుపెట్టాడు. ఏరు అక్కడికి అయిదు కిలోమీటర్లు.

ఎతెరి ఖతూనాకి చేసింది. ఒక్క మోతకే ఎత్తారు.

"గేలా?"

"ఖతూనా, నేను. విను. ఆయనకి ఫోనేమీ రాలేదు. కారు ఆపించు. వాంతి వస్తోందను, ఏదో ఒకటి చెప్పు. దిగి పరుగెత్తు..."

అవతల ఇంజను మోత తగ్గింది. దాని వెనక నీళ్ళ హోరు. దగ్గరగా, చాలా దగ్గరగా.

"పెట్టెయ్యండక్కా," అంది ఖతూనా, చిన్నపిల్లకి నచ్చజెప్పినట్టు. "ఆయన చేస్తే నా లైను ఖాళీగా ఉండాలి కదా."